తకరాజుకాలో భీమ్ వేషం కట్టింది అమ్మాయే: ఆ నాటకశాల గురించి, దాని అభిమానుల గురించి

మీరు అడిగింది ఇదీ: జపాన్‌లో తకరాజుకా అనే నాటక సంస్థ ఆర్‌ఆర్‌ఆర్‌ని వేదిక ఎక్కించిందని, భీమ్, రామ్ ఇద్దరి వేషాలూ అమ్మాయిలే కట్టారని విన్నారు. ఆడవాళ్ళే మగవేషాలు వేయడం ఏమిటి, దానికి అంతమంది అభిమానులు ఎందుకున్నారు, ఆఫీసు పని మీద ఒసాకా వస్తున్నారు కాబట్టి ఒక ఆట చూడటం కుదురుతుందా అని. మీ ప్రశ్న కింద ఒకరిద్దరు "అదేదో కాస్‌ప్లే షో లాంటిది" అని రాశారు, అంటే అభిమానులు తమకిష్టమైన పాత్రల వేషాలు కట్టుకుని సరదాగా చేసే షో అని. అది నిజం కాదు. తకరాజుకా 1914 నుంచి ప్రదర్శనలు ఇస్తున్న సంస్థ. దానికి 2,550 సీట్ల సొంత థియేటర్ ఉంది, సొంత ఆర్కెస్ట్రా ఉంది, నటీమణుల్ని తయారుచేసే సొంత బడి ఉంది. నేను ఒసాకా ఉన్న ఈ కన్సాయి ప్రాంతంలో ఉంటూ చాలా ఏళ్ళుగా ఆ ఆటలు చూస్తున్నాను, ఆ అభిమానుల మధ్య కూర్చుంటున్నాను. అందుకే కొంచెం పొడుగ్గా రాస్తున్నాను, ఓపిగ్గా చదవండి.

ముందు ఆర్‌ఆర్‌ఆర్ సంగతి. సినిమా జపాన్‌లో 2022 అక్టోబరు 21న విడుదలైంది. అప్పుడు రాజమౌళి, ఎన్టీఆర్, రామ్‌చరణ్ ముగ్గురూ వచ్చారు. అంతకు ముందు ఇక్కడ ఇండియా సినిమా అంటే 1998లో ఆడిన రజనీకాంత్ ముత్తు పేరే చెప్పేవాళ్ళు. ఆ వసూళ్ళ రికార్డు ఇరవై నాలుగేళ్ళు నిలిచింది. ఆర్‌ఆర్‌ఆర్ కొద్ది వారాల్లోనే దాన్ని దాటింది, నెలల తరబడి ఆడుతూనే ఉండి చివరికి 200 కోట్ల యెన్‌లు కూడా దాటింది. ఒకే మనిషి పదిసార్లు, ఇరవైసార్లు చూడటం ఇక్కడ వింతేమీ కాదు. తకరాజుకా అభిమానులకు ఆ అలవాటు ఎప్పటినుంచో ఉంది.

2024 జనవరిలో తకరాజుకాలోని ఐదు బృందాల్లో ఒకటైన స్టార్ ట్రూప్ ఆ కథని సంస్థ సొంత గ్రాండ్ థియేటర్‌లో మొదలుపెట్టింది. తర్వాత టోక్యోకి మారి ఏప్రిల్ దాకా ఆడింది. రచన, దర్శకత్వం తని తకయా. భీమ్‌గా ఆ ట్రూప్‌కి అప్పటి టాప్ స్టార్, అంటే ప్రధాన నటి, రే మకోతో, రామ్‌గా అకత్సుకి చిసేయి, జెన్నీగా మైసోరా హితోమి వేశారు. కథని భీమ్ వైపు నుంచి నడిపారు. టాప్ స్టార్ ఎవరి వేషం వేస్తే నాటకం వాళ్ళ చుట్టూ తిరగాలి, అది అక్కడి కట్టుబాటు. మూడు గంటల సినిమాని గంటన్నర పైచిలుకు నాటకంగా కుదించారు. తకరాజుకాలో ఒక ఆట అంటే మామూలుగా రెండు భాగాలు: ముందు నాటకం, తర్వాత అరగంట విరామం, ఆ తర్వాత దాదాపు గంటసేపు పాటలూ నాట్యాలే ఉండే రెవ్యూ. ఆర్‌ఆర్‌ఆర్‌కీ అలాగే రెండో సగంలో వేరే రెవ్యూ ఉంది. 2024 మార్చిలో రాజమౌళి దంపతులు జపాన్ వచ్చినప్పుడు ఈ నాటకం చూశారు, ఆ అమ్మాయిల ప్రతిభని మెచ్చుకుంటూ ఆయన సోషల్ మీడియాలో రాశారు.

నాటు నాటు వచ్చినప్పుడు వేదిక మీద ఉన్నవాళ్ళంతా అమ్మాయిలే. భీమ్, రామ్ సరే, వాళ్ళని చిన్నచూపు చూసే బ్రిటిష్ దొరలూ అమ్మాయిలే. పాట మొదలైన కాసేపటికి నాకు ఆ సంగతి గుర్తుకే రాలేదు. భుజాలు తిప్పే తీరు, నేలని తొక్కే బరువు, నవ్వేటప్పుడు గడ్డం పైకెత్తడం, అన్నీ మగవాడివే. కింద ఆర్కెస్ట్రా పిట్‌లో మనుషులు కూర్చుని వాయిస్తున్నారు, రికార్డింగ్ కాదు. పాట అయ్యాక హాలంతా చప్పట్లు. ఒక్క ఈల లేదు, ఒక్క కేక లేదు. కానీ నా పక్కనున్న పెద్దావిడ రెండు చేతులతో ఒళ్ళోని రుమాలు గట్టిగా పట్టుకుని కూర్చున్నారు. ఇక్కడి అభిమానాన్ని అర్థం చేసుకోవాలంటే ఇలాంటివి గమనించాలి.

ఇంకో మాట. తకరాజుకా చేసిన తొలి ఇండియా సినిమా కథ ఆర్‌ఆర్‌ఆర్ కాదు. 2017లో ఇదే స్టార్ ట్రూప్ షారూఖ్ ఖాన్ ఓం శాంతి ఓంని నాటకంగా వేసింది. మన సినిమాల్లో హీరో ఎంట్రీ, పాటలు, పెద్ద భావోద్వేగాలు, చివర్లో పండగలా ముగింపు ఉంటాయి. తకరాజుకా నాటకానికీ సరిగ్గా ఇవే కావాలి. అందుకే ఆ కథలు అక్కడ అంత బాగా అమరాయని నా అభిప్రాయం.

ఇప్పుడు మీ అసలు ప్రశ్న: అందరూ అమ్మాయిలే ఎందుకు? దీని వెనక ఉన్నది ఒక రైలు కంపెనీ. కొబయాషి ఇచిజో అనే వ్యాపారవేత్త నడిపిన కంపెనీ, ఇప్పుడు హంక్యూ అంటున్నది, 1910లో ఒసాకాలోని ఉమెదా నుంచి తకరాజుకా దాకా లైను వేసింది. తకరాజుకా అప్పుడు వేడినీటి బుగ్గలున్న చిన్న ఊరు. రైలు ఎక్కడానికి జనం కావాలి కదా. అందుకని ఆయన లైను వెంబడి ఇళ్ళు కట్టించి వాయిదాల మీద అమ్మాడు, చివరి స్టేషన్‌లో స్నానాల రిసార్టు పెట్టాడు. అందులో కట్టించిన ఇండోర్ ఈతకొలను నడవలేదు. నీళ్ళు చల్లగా ఉండేవి, పైగా ఆడా మగా కలిసి ఈదడానికి అప్పట్లో ఒప్పుకునేవాళ్ళు కాదు. ఆ కొలను మీద పలకలు పరిచి ప్రేక్షకుల్ని కూర్చోబెట్టి దాన్ని నాటకశాలగా మార్చాడు. టోక్యోలో మిత్సుకోషి డిపార్ట్‌మెంట్ స్టోర్ మగపిల్లల బ్యాండు పెట్టి పేరు తెచ్చుకుంది, అది చూసి ఆయన 1913లో ఆడపిల్లల గాన బృందం మొదలుపెట్టాడు. 1914 ఏప్రిల్ 1న మొదటి ఆట. పీచు పండులోంచి పుట్టిన మొమొతారో అనే బాలుడి జానపద కథ అది. ఆడపిల్లలే ఉన్నారు కాబట్టి మగవేషాలూ వాళ్ళే వేశారు.

అంటే మొదట్లో దీని వెనక గొప్ప కళాసిద్ధాంతం ఏదీ లేదు, రైలు టికెట్లు అమ్ముకోవాలన్న ఆలోచనే. కానీ కొబయాషి దాన్ని అక్కడితో వదిలేయలేదు. 1919కి సంగీత పాఠశాల, 1924కి పెద్ద థియేటర్, 1934కి టోక్యోలో మరో థియేటర్ వచ్చాయి. ఆ టోక్యో థియేటర్ కోసం 1932లో పెట్టిన కంపెనీయే తర్వాత తోహో అయింది. 1954లో గాడ్జిల్లా తీసిన తోహో అదే. జపాన్ వినోద రంగంలో ఏ దారం పట్టుకుని లాగినా ఎక్కడో ఒకచోట తకరాజుకా తగులుతుంది.

మగవేషం వేసే నటిని ఒతోకోయాకు అంటారు, ఆడవేషం వేసే నటిని ముసుమేయాకు అంటారు. సంగీత పాఠశాలలో చేరే అమ్మాయిలకి 15 నుంచి 18 ఏళ్ళు ఉంటాయి. ఏటా తీసుకునేది దాదాపు 40 మందిని, ఆ సీట్లకి పోటీ విపరీతం. రెండేళ్ళ చదువు: పాట, బ్యాలే, ట్యాప్, జపాన్ సంప్రదాయ నాట్యం, నటన. ఎవరు మగవేషం, ఎవరు ఆడవేషం అన్నది ఎత్తు, గొంతు, ఇష్టం చూసి ఆ చదువు రోజుల్లోనే తేలుతుంది. ఒకసారి తేలాక చాలామంది వృత్తి జీవితమంతా అదే. మగవేషం వేసేవాళ్ళు జుట్టు కత్తిరించుకుంటారు, గొంతు కింది స్థాయికి దించి పాడటం సాధన చేస్తారు. నడుము సన్నగా కనబడకుండా సూటు లోపల గుడ్డలు చుట్టి ఒంటిని నిలువుగా తయారుచేసుకుంటారు. కుర్చీలో ఎలా కూర్చోవాలి, టోపీ అంచు ఏ వేళ్ళతో పట్టుకోవాలి, కోటు ఎలా విదిలించి వేసుకోవాలి, అన్నిటికీ సాధన ఉంది. మగవేషం కుదరడానికి పదేళ్ళు పడుతుందని అక్కడ అందరూ చెప్పేమాట. చూసినవాడిగా ఆ మాట నిజమని చెప్పగలను. కొత్తగా వచ్చిన నటి మగవాడిలా "నటిస్తున్నట్టు" కనబడుతుంది. పదేళ్ళ నటి వేదిక మీద ఊరికే నిలబడినా చాలు.

మన దగ్గరా దీనికి తిరగేసిన సంప్రదాయం ఉంది కాబట్టి మనకిది వింతగా అనిపించక్కర్లేదు. స్థానం నరసింహారావు గారు సత్యభామగా రంగం మీదకి వస్తే ఆడవాళ్ళు ఆ నడకనీ ఆ చీరకట్టునీ చూసి నేర్చుకునేవాళ్ళని మన పెద్దవాళ్ళు చెప్పేవాళ్ళు. కూచిపూడిలో వేదాంతం సత్యనారాయణ శర్మ గారి భామాకలాపం చూసినవాళ్ళు ఇప్పటికీ ఉన్నారు. వాళ్ళు ఆడవాళ్ళని అనుకరించలేదు. ఆడతనంలోని ఒయ్యారాన్నీ అలకనీ ఏరి, చెక్కి, ఒక పాత్రగా నిలబెట్టారు. ఒతోకోయాకు చేసేదీ అదే. ఆమె చూపించే మగవాడు వీధిలో కనబడే మగవాడు కాదు. మర్యాద తెలిసినవాడు, ఎదుటి మనిషి మాట వినేవాడు, మాట మీద నిలబడేవాడు. ప్రేక్షకుల్లో చాలా పెద్ద భాగం ఆడవాళ్ళే అన్నది గుర్తుంచుకుంటే, ఆ మగవాణ్ణి చూడటానికి వాళ్ళు ఇన్నేళ్ళుగా ఎందుకు వస్తున్నారో తెలుస్తుంది.

మీకు మాంగా (జపాన్ బొమ్మల కథలు), అనిమే (జపాన్ యానిమేషన్) మీద ఆసక్తి ఉందని రాశారు కాబట్టి ఇది తప్పకుండా చెప్పాలి. పేరున్న మాంగా రచయిత తెజుకా ఒసాము పెరిగింది ఈ తకరాజుకా ఊళ్ళోనే. తల్లి తకరాజుకా అభిమాని, పిల్లవాణ్ణి ఆటలకి తీసుకెళ్ళేది. 1953లో ఆయన మొదలుపెట్టిన రాజకుమారి కథలో నాయిక మగవేషంలో కత్తి పట్టి తిరుగుతుంది. అమ్మాయిల కోసం గీసే మాంగాకి అది దారి వేసింది. అక్కణ్ణుంచి ఇరవై ఏళ్ళకి ఆ బాకీ తిరిగొచ్చింది. 1970ల మొదట్లో టీవీ దెబ్బకి తకరాజుకా సీట్లు ఖాళీగా ఉండేవి. 1974లో ఇకెదా రియోకో మాంగా ఆధారంగా వెర్సాయ్ గులాబీ నాటకం వేశారు. ఫ్రెంచి విప్లవం నాటి కథ, అందులో ఆస్కర్ అనే సైన్యాధికారి మగవాడిలా పెరిగిన ఆడది. మగవేషాలు వేసే ఆడవాళ్ళ సంస్థకి ఇంతకంటే తగిన పాత్ర ఏముంటుంది? జనం విరగబడ్డారు, సంస్థ నిలబడింది. ఆ నాటకాన్ని ఇప్పటికీ మళ్ళీ మళ్ళీ వేస్తుంటారు. ఈ మధ్య కాలంలో లుపిన్, కెన్షిన్, సిటీ హంటర్ మాంగాలు కూడా వేదికెక్కాయి. మీరు అనిమేలో చూసే పొడుగుకాళ్ళ అందగాడు, వాడి పెద్ద కళ్ళు, వెనక విరిసే గులాబీలు సగం ఈ వేదిక మీద నుంచి వెళ్ళినవే.

ఇక అభిమానుల సంగతి. నేను ఎక్కువగా చెప్పాలనుకున్నది దీని గురించే.

తకరాజుకాలో ఐదు ట్రూప్‌లు ఉన్నాయి: పువ్వు, చంద్రుడు, మంచు, నక్షత్రం (పైన చెప్పిన స్టార్ ట్రూప్ ఇదే), విశ్వం. మొదటి రెండూ 1921 నాటివి, చివరిది 1998లో వచ్చింది. ఒక్కో దానికి డెబ్బై, ఎనభై మంది నటీమణులు, ఒక్కో దానికి ఒక టాప్ స్టార్. టాప్ స్టార్ ఎప్పుడూ మగవేషమే, ఆమెకి జోడీగా ఒక ముసుమేయాకు. ఎన్నేళ్ళు వేసినా నటీమణుల్ని "విద్యార్థులు" అనే అంటారు. పెళ్ళి చేసుకుంటే సంస్థ విడిచిపెట్టాలి. టాప్ స్టార్‌గా ఉండేది కూడా మామూలుగా కొన్నేళ్ళే, తర్వాత వీడ్కోలు. అందువల్ల అభిమానికి తన నటి ఎప్పటికీ ఉండదని మొదటి రోజే తెలుసు.

నిజమైన అభిమాని టాప్ స్టార్‌ని చూసి ఇష్టపడటంతో మొదలుపెట్టదు. బడి నుంచి అప్పుడే బయటికొచ్చి వెనక వరసలో ఎక్కడో ఎగురుతున్న అమ్మాయిని పట్టుకుంటుంది. ఏడేళ్ళ లోపు అనుభవం ఉన్నవాళ్ళకి ప్రతి పెద్ద నాటకానికీ ఒకరోజు ప్రత్యేక ప్రదర్శన ఉంటుంది. టాప్ స్టార్ వేషాన్ని ఆ సాయంత్రం చిన్నవాళ్ళలో ఒకరు వేస్తారు. ఆ వేషం ఎవరికి వచ్చిందన్నది అభిమానులకి పరీక్ష ఫలితం లాంటిది. తర్వాత పోస్టర్ మీద పేరు ఏ స్థానంలో ఉంది, చివరి ఊరేగింపులో ఎన్నో మనిషిగా మెట్లు దిగింది, ఒంటరిగా పాడటానికి రెండు వరసలు ఇచ్చారా, నాలుగు ఇచ్చారా, అన్నీ లెక్కే.

ఆ మెట్ల గురించి చెప్పాలి. రెవ్యూ చివర్లో వేదికంతా నిండేలా 26 మెట్లు వస్తాయి. ఒక్కో మెట్టు వెడల్పు 23 సెంటీమీటర్లే, అంటే బూటు పూర్తిగా ఆనదు. దాని మీద హీల్స్‌తో, కిందికి చూడకుండా, నవ్వుతూ, పాడుతూ దిగాలి. క్రమంగా చిన్నవాళ్ళ నుంచి పెద్దవాళ్ళ దాకా దిగుతారు, ఆఖర్న టాప్ స్టార్. ఆమె వీపు మీద మనిషికి రెండింతల వెడల్పున ఈకలు ఉంటాయి, బరువు పది కిలోల పైమాటే. కింద దాకా వచ్చి ఆర్కెస్ట్రాకీ ప్రేక్షకులకీ మధ్య ఉన్న వెండి వంతెన అనే సన్నటి దారి మీద నడుస్తుంది. మొదటి వరసలో ఉంటే ఆ ఈకల గాలి మన ముఖానికి తగులుతుంది. పదిహేనేళ్ళుగా ఒక అమ్మాయిని వెనక వరస నుంచి చూస్తూ వచ్చిన మనిషికి, ఆమె మొదటిసారి ఈకలతో దిగిన రోజు ఎలా ఉంటుందో ఊహించండి. రామ్ వేసిన అకత్సుకి చిసేయి ఆ తర్వాత ఇదే ట్రూప్‌కి టాప్ స్టార్ అయింది. 2025లో రే మకోతో వీడ్కోలు తీసుకుంది. ఆర్‌ఆర్‌ఆర్‌లో వాళ్ళిద్దరి స్నేహం చూసినవాళ్ళకి ఈ మార్పిడి నాటకానికి కొనసాగింపులా అనిపించింది.

ప్రతి పెద్ద నటికీ అభిమానులు సొంతంగా నడుపుకునే సంఘాలుంటాయి. వాటిని కై అంటారు. సంస్థ అధికారికంగా నడిపేవి కావు. టికెట్లు సర్దడం, ఉత్తరాలు అందించడం, నటికి చిన్నచిన్న పనుల్లో సాయపడటం వీళ్ళ బాధ్యత. కోవిడ్‌కి ముందు థియేటర్ బయట వీళ్ళు వేచి ఉండే దృశ్యం చూసి తీరాల్సింది. ఒక్కో సంఘం వాళ్ళు ఒకే రంగు కండువాలు వేసుకుని రోడ్డు పక్కన వరసలు కట్టేవాళ్ళు. తోపులాట లేదు, ఫోన్లు పైకెత్తడం లేదు. నటి రాగానే ముందు వరసలన్నీ ఒక్కసారి కిందికి కూర్చునేవి, వెనకవాళ్ళకి కనబడాలని. ఒక్కొక్కరే ఉత్తరం అందించేవాళ్ళు. నటి లోపలికి వెళ్తుంటే అందరూ ఒకే గొంతుతో "వెళ్ళి రండి" అనేవాళ్ళు. 2020లో ఇది ఆగిపోయింది. ఆనాటి తీరులో మీకు కనబడకపోవచ్చు, దాని కోసం ప్రత్యేకంగా వెళ్ళకండి.

అభిమానం అంటే గోల అనుకునే మనకి ఈ క్రమశిక్షణ చూస్తే కొంచెం చల్లగా, దూరంగా అనిపిస్తుంది. నా దృష్టిలో అది అభిమానానికి ఇంకో రూపం. "నా వల్ల నా నటికి చెడ్డపేరు రాకూడదు" అన్న భయం వాళ్ళని నడిపిస్తుంది. ఒక సంఘం వాళ్ళు తప్పుగా ప్రవర్తిస్తే మాట పడేది ఆ నటే. మన దగ్గర బెనిఫిట్ షో రోజు థియేటర్ దగ్గర తొక్కిసలాట జరిగినప్పుడల్లా నాకు ఈ వరసలు గుర్తొస్తాయి. మనవాళ్ళకి ప్రేమ తక్కువేమీ కాదు. ఆ ప్రేమ వల్ల పక్కవాడికి దెబ్బ తగలకూడదన్న పట్టింపు కూడా రావాలని గట్టిగా కోరుకుంటున్నాను.

అలాగని జపాన్‌వాళ్ళకి అరవడం రాదని అనుకోకండి. 2017 డిసెంబరు చివర్లో బాహుబలి రెండో భాగం ఇక్కడ విడుదలయ్యాక "అరుపుల ప్రదర్శన" అని ప్రకటించి మరీ ఆటలు వేశారు. 2018లో రాజమౌళి టోక్యోలో అలాంటి ఆట చూసి వెళ్ళారు. తకరాజుకాకి దగ్గర్లోనే, అదే హంక్యూ వాళ్ళ రైలు మీద వెళ్ళగలిగే అమగసాకిలో త్సుకగుచి సన్‌సన్ అనే చిన్న థియేటర్ ఉంది, ఇలాంటి మసాలా ప్రదర్శనలకి దేశమంతా దానికి పేరు. రంగు కాగితాలు, క్రాకర్లు, గిలక్కాయలు, పూర్తిగా మన సంధ్య థియేటర్ మొదటి రోజు సందడే. ఆట అయ్యాక మాత్రం ప్రేక్షకులే ఆ కాగితాలన్నీ ఏరి, సంచుల్లో నింపి వెళ్తారు. అక్కడ అరిచిన మనిషే తకరాజుకాలో నోరు విప్పకుండా చప్పట్లు కొడుతుంది. ఏ చోటికి ఏది తగినదో తెలిసి చేయడం అన్నమాట.

ఇంత మెచ్చుకున్నాక దీని చీకటి వైపు చెప్పకపోతే తప్పు. 2023 సెప్టెంబరులో విశ్వం ట్రూప్‌కి చెందిన 25 ఏళ్ళ నటి మరణించింది. విపరీతమైన పనిగంటలు, సీనియర్ల వేధింపులు కారణమని కుటుంబం చెప్పింది. సంస్థ మొదట వేధింపులు లేవంది. 2024 మార్చిలో ఉన్నాయని ఒప్పుకుని క్షమాపణ చెప్పింది. వారానికి పది ఆటలు వేసే పద్ధతిని తొమ్మిదికి తగ్గించారు. పైవాళ్ళకి కిందివాళ్ళు ఎంతగా తలవంచాలి అన్నదాన్ని అందంగా, సంప్రదాయంగా చూపించుకున్న చోట అది ఎంత దూరం పోగలదో అప్పుడు బయటపడింది. అభిమానుల్లో కొందరు ఆ రోజుల్లో థియేటర్‌కి వెళ్ళడం మానేశారు, కొందరు నటీమణుల కోసమే వెళ్తామన్నారు. "లోపలి విషయాలు బయట మాట్లాడకూడదు" అనే అలవాటు వల్ల చాలామంది మౌనంగా ఉండిపోయారు. ఆ మౌనం సరైంది కాదని నేను నమ్ముతున్నాను. మెట్లు దిగే అమ్మాయి నవ్వుని ప్రేమించేవాళ్ళకి, ఆమె రాత్రి ఎన్ని గంటలు నిద్రపోయింది అని అడిగే బాధ్యత కూడా ఉంది. మీరు ఆట చూడండి, కానీ ఇది తెలిసి చూడండి.

ఇక టికెట్. హంక్యూ రైలు ఒసాకా ఉమెదా నుంచి తకరాజుకాకి అరగంట పైచిలుకు. స్టేషన్ నుంచి పూలబాట అనే చెర్రీ చెట్ల దారిలో నడిస్తే థియేటర్ వస్తుంది. మామూలుగా పొద్దున 11కి ఒక ఆట, మధ్యాహ్నం మూడున్నరకి ఒక ఆట ఉంటాయి. బుధవారం సాధారణంగా సెలవు. ఒక నాటకానికీ ఇంకో నాటకానికీ మధ్య థియేటర్ కొన్ని రోజులు ఖాళీగా ఉంటుంది కాబట్టి విమానం టికెట్ కొనకముందే క్యాలెండర్ చూసుకోండి. సంస్థ అధికారికంగా నడిపే అభిమాన సంఘం సభ్యులకి ముందు లాటరీ, ఆ తర్వాత అందరికీ అమ్మకం. టాప్ స్టార్ వీడ్కోలు నాటకం అయితే మీకు దొరకదు, ఆశ పెట్టుకోవద్దు. మామూలు వారపు రోజు ఆట అయితే, అమ్మకం మొదలైన పొద్దునే ప్రయత్నిస్తే, బాల్కనీ వెనక బి సీటు దొరికే అవకాశం ఉంది. ఆర్‌ఆర్‌ఆర్ సమయంలో ముందు ఎస్‌ఎస్ సీటు పన్నెండు వేల యెన్‌ల పైన ఉంటే, బి సీటు దానిలో మూడో వంతు కూడా లేదు. వెనక సీటు అని బాధపడకండి, అక్కడి నుంచి మెట్ల మీద నాట్యాల అమరిక పూర్తిగా కనబడుతుంది. బైనాక్యులర్స్ మాత్రం తీసుకెళ్ళండి. పక్కనున్న ప్రతి మనిషి చేతిలోనూ ఒకటి ఉంటుంది.

ఎవరో ఆన్‌లైన్‌లో ఎక్కువ రేటుకి అమ్ముతుంటే అస్సలు కొనకండి. 2019 జూన్ నుంచి ఇక్కడ లాభానికి టికెట్లు తిరిగి అమ్మడం చట్టప్రకారం నేరం. తకరాజుకా ఈ విషయంలో చాలా గట్టిగా ఉంటుంది, అలాంటి టికెట్ అని తేలితే గుమ్మంలోనే ఆపేస్తారు.

లోపల పద్ధతులు కష్టమేమీ కాదు. ఆట నడుస్తున్నప్పుడు ఫొటోలు, వీడియోలు వద్దు, ఫోన్ పూర్తిగా ఆపేయండి. వీపు సీటుకి ఆనించి కూర్చోండి. ముందుకి వంగితే వెనకవాళ్ళకి వేదిక మధ్యభాగం కనబడదు, దీని గురించి మైకులో కూడా చెబుతారు. టోపీ, ఎత్తుగా చుట్టిన కొప్పు కూడా వద్దు. చప్పట్లు ఎప్పుడు కొట్టాలో తెలియకపోతే చింత లేదు, సంఘాల వాళ్ళు మొదలుపెడతారు, మీరు కలవండి. టాప్ స్టార్ మొదటిసారి వెలుతుర్లోకి వచ్చినప్పుడు తప్పకుండా కొట్టండి. భాష రాదని టెన్షన్ పడకండి. కథ సారాంశం ముందే చదువుకుని వెళ్తే చాలు, రెండో సగం రెవ్యూకి అది కూడా అక్కర్లేదు.

టికెట్ దొరక్కపోతే రెండు దారులున్నాయి. నాటకం ఆఖరి రోజు ఆటని దేశమంతటా సినిమా హాళ్ళలో ప్రత్యక్షంగా చూపిస్తారు. ఆ తేదీ మీ ప్రయాణంలో పడితే ఒసాకాలోనే ఏదో ఒక హాల్లో సీటు దొరుకుతుంది. ఆట తర్వాత వీడ్కోలు తీసుకునే నటీమణులు నల్ల కిమోనో, ఆకుపచ్చ హకమా కట్టుకుని మెట్లు దిగి మాట్లాడే భాగం కూడా అందులో ఉంటుంది, అది థియేటర్‌లో కంటే తెర మీద దగ్గరగా కనబడుతుంది. రెండోది, ఆట లేకపోయినా ఊరు చూసి రావడం. థియేటర్ ఆవరణలోని దుకాణంలో నటీమణుల ఫొటోలు, పాత నాటకాల డిస్కులు అమ్ముతారు. అక్కడికి నాలుగు అడుగుల్లో తెజుకా ఒసాము మాంగా మ్యూజియం ఉంది. మీరు వచ్చే తేదీలు ఇక్కడ రాయండి, ఆ వారంలో ఏ ట్రూప్ ఆడుతోందో, బి సీట్ల అమ్మకం ఎప్పుడో చూసి చెబుతాను.